ఏడు ప్రోగ్రాములు, ఒక పాత డీఎల్ఎల్: ఆషాఢంలో డీటీపీ షాపు సిస్టమ్ మార్చిన డైరీ

పాలకొల్లులో మాది చిన్న డీటీపీ షాపు. శుభలేఖలు, కరపత్రాలు, బిల్లు పుస్తకాలు, స్టిక్కర్ కటింగ్. 2022 జులైలో 32 బిట్ (పాత రకం) విండోస్ 7 సిస్టమ్ నుంచి 64 బిట్ (కొత్త రకం) విండోస్ 10 సిస్టమ్‌కి మారాను. ఆషాఢం కాబట్టి పెళ్ళి కార్డుల పని లేదు. 29న శ్రావణం వస్తుంది, ఈలోగా అన్నీ నడవాలి.

ఇందులో పని ఎలా చేశానన్నదాని కంటే ఎక్కడ పాడుచేశానన్నదే ఎక్కువ ఉంటుంది. ఫైలు పేర్లు నోటితో చెప్పుకునేటట్టే రాస్తున్నాను, కొట్టేటప్పుడు ఇంగ్లిషు అక్షరాల్లో కొట్టుకోండి.

మొదటి దశ: ఏవి తెరుచుకున్నాయి (జులై 4)

రోజూ వాడేవి ఏడు:

1. పేజ్‌మేకర్ 7
2. పాత కోరల్‌డ్రా
3. స్టిక్కర్ కటింగ్ ప్లాటర్ సాఫ్ట్‌వేర్
4. పాస్‌పోర్ట్ ఫొటో షీట్ ప్రోగ్రాం
5. బిల్లింగ్ ప్రోగ్రాం (2006లో తెలిసినవాళ్ళు విజువల్ బేసిక్ 6లో చేసిచ్చింది)
6. బోర్డర్లు, క్లిప్ ఆర్టుల సీడీ
7. యూనికోడ్ కన్వర్టర్

సీడీలున్నవి సీడీతో ఎక్కించాను. లేనివాటి ఫోల్డర్లు పెన్‌డ్రైవ్‌లో మోసుకొచ్చాను. పేజ్‌మేకర్ 7 వచ్చింది 2001లో, 2004లో దాని అభివృద్ధి ఆపేశారు. అయినా మా షాపులో సగం కార్డులు దానిలోనే. అది మాత్రం గొడవ చెయ్యలేదు, రన్ యాజ్ అడ్మినిస్ట్రేటర్ ఇస్తే తెరుచుకుంది. కోరల్ కూడా తెరుచుకుంది. మిగతా అయిదిటితోనూ ఏదో ఒక గొడవ వచ్చింది.

వాటిలో ఎక్కువ గొడవలు డీఎల్ఎల్ ఫైళ్ళవే. మా వైపు ఊళ్ళలో రామాలయం దగ్గర ఉమ్మడి వంటసామాను ఉంటుంది. పెళ్ళింటివాళ్ళు గుండిగలు కొనరు, అక్కడివి తెచ్చుకుని వండి తిరిగి ఇచ్చేస్తారు. డీఎల్ఎల్ అలాంటి ఉమ్మడి గుండిగ. ఫైలు తెరవడం, అక్షరం గియ్యడం లాంటి పనులు ప్రతి ప్రోగ్రామూ సొంతంగా రాసుకోకుండా విండోస్ దగ్గరున్న ఈ ఫైళ్ళని వాడుకుంటుంది. ఇంట్లోనే గుండిగ ఉంటే మాత్రం రామాలయం దాకా ఎవరూ వెళ్ళరు. విండోస్ కూడా అంతే. ముందు ప్రోగ్రాం ఫోల్డరులో వెతుకుతుంది, అక్కడ లేకపోతేనే సిస్టమ్ ఫోల్డరులో చూస్తుంది. ఈ ముక్క నాకు మొదటి రోజే బుర్రకెక్కి ఉంటే పదిహేను గంటలు మిగిలేవి.

ఇప్పటిదాకా: 3 గంటలు, ₹450 (పెన్‌డ్రైవ్), నడిచినవి 2/7.

రెండో దశ: కటింగ్ ప్లాటర్ (జులై 5, 6)

తెర మీద మెసేజ్: ఎంఎస్‌వీసీఆర్100.డీఎల్ఎల్ లేదు, ప్రోగ్రాం మళ్ళీ ఎక్కించుకోండి. మళ్ళీ ఎక్కించాను, మళ్ళీ అదే మెసేజ్.

మా కుర్రాడు నెట్‌లో ఆ ఒక్క ఫైలునే ఇచ్చే సైటు పట్టుకున్నాడు. వద్దన్నాను. ఎవరు పెట్టారో తెలియని ఫైలుని సిస్టమ్ ఫోల్డరులో పెట్టుకోవడమంటే దారినపోయేవాడికి షాపు తాళాలు ఇచ్చినట్టే. అంత తెలివిగా మాట్లాడి, నేను చేసిన పని ఇదీ: మా బావమరిది ల్యాప్‌టాప్‌లో సిస్టమ్32 ఫోల్డరు నుంచి ఆ ఫైలు కాపీ చేసి తెచ్చి ప్లాటర్ ప్రోగ్రాం ఫోల్డరులో వేశాను.

మెసేజ్ మారింది. అప్లికేషన్ స్టార్ట్ కాలేదంటూ ఒక కోడు: సీ తర్వాత అయిదు సున్నాలు, చివర 7బీ. కాపీలో పాడైందేమోనని ఇంకో సిస్టమ్ నుంచి తెచ్చాను. అదే కోడు. అక్కడికి మూడు గంటలు.

ఆ కోడుకి అర్థం, చాలాసార్లు, 32 బిట్ ప్రోగ్రాముకి 64 బిట్ ఫైలు దొరికిందని. ఫైలు ఎన్ని బిట్లదో పేరులో ఉండదు. ఫోల్డరు పేరు చూస్తే ఇంకా మోసపోతాం. 64 బిట్ విండోస్‌లో సిస్టమ్32లో ఉండేవి 64 బిట్ ఫైళ్ళు. 32 బిట్ ఫైళ్ళు ఉండేది సిస్‌వావ్64లో. పేర్లు తారుమారయ్యాయని నేనే పొరపడ్డాను, కాదు, నిజంగా అలాగే పెట్టారు. 32 బిట్ ప్రోగ్రాం సిస్టమ్32 అని అడిగితే విండోస్ చప్పుడు లేకుండా దాన్ని సిస్‌వావ్64కి పంపిస్తుంది.

ఏ సాఫ్ట్‌వేరూ లేకుండా బిట్లు చూసే పద్ధతి:

1. డీఎల్ఎల్ కాపీ ఒకటి డెస్క్‌టాప్ మీద పెట్టుకుని నోట్‌ప్యాడ్‌లో తెరవండి. అంతా పిచ్చిగీతల్లా కనిపిస్తుంది, కంగారు పడొద్దు.
2. పైనుంచి కొద్ది వరసల్లోనే పీ, ఈ అనే రెండు పెద్ద ఇంగ్లిషు అక్షరాలు పక్కపక్కన ఉంటాయి.
3. వాటి తర్వాత కొంచెం ఎడంగా పెద్ద ఎల్ ఉంటే 32 బిట్. చిన్న డీ ఉంటే 64 బిట్.
4. సేవ్ చెయ్యకుండా మూసెయ్యండి.

నేను తెచ్చినవి రెండూ డీ. ల్యాప్‌టాప్ 64 బిట్ కాబట్టి దాని సిస్టమ్32 నుంచి ఇంకేం వస్తుంది.

సరైన దారి ఆ ఒక్క ఫైలుని తేవడం కాదు, దాన్ని తెచ్చే ప్యాకేజీ ఎక్కించడం. ఈ ఫైళ్ళు మైక్రోసాఫ్ట్ విజువల్ సీ ప్లస్ ప్లస్‌తో తయారైన ప్రోగ్రాములకి కావలసినవి. వాటి ప్యాకేజీ పేరు రీడిస్ట్రిబ్యూటబుల్, మైక్రోసాఫ్ట్ దగ్గరే ఉచితంగా దొరుకుతుంది. ఫైలు పేరు చివరి అంకెని బట్టి ఏ సంవత్సరానిది కావాలో తెలుస్తుంది: 80 అయితే 2005, 90 అయితే 2008, 100 అయితే 2010, 110 అయితే 2012, 120 అయితే 2013. వీసీరన్‌టైమ్140 అని అడిగితే 2015 నుంచి తర్వాతవన్నీ కలిపిన ప్యాకేజీ. విండోస్ 64 బిట్ అయినా ప్రోగ్రాం 32 బిట్ అయితే ఎక్స్86 అని ఉన్నదే ఎక్కించాలి.

2010 ఎక్స్86 ఎక్కించాను. మళ్ళీ అదే 7బీ.

ఇక్కడ ఇంకో రెండు గంటలు పోయాయి. రిజిస్టర్ (విండోస్ దగ్గర నమోదు) చెయ్యాలేమోనని రెగ్‌ఎస్‌వీఆర్32 కమాండ్ ఇచ్చాను. ఎంట్రీ పాయింట్ దొరకలేదంది. అది లోపం కాదు, ఈ రకం ఫైళ్ళకి రిజిస్ట్రేషనే ఉండదు. అసలు సంగతి మర్నాడు టీ తాగుతుంటే తట్టింది. నేను తెచ్చి వేసిన డీ ఫైలు ఇంకా ప్రోగ్రాం ఫోల్డరులోనే ఉంది. ఇంట్లో గుండిగ ఉండగా రామాలయం దాకా ఎందుకు వెళ్తుంది? దాన్ని తీసేశాను. ప్లాటర్ ప్రోగ్రాం తెరుచుకుంది.

ఇప్పటిదాకా: 9.5 గంటలు, ₹450, నడిచినవి 3/7.

మూడో దశ: ఫొటో షీట్ (జులై 8)

ఇది అడిగింది ఎంఎస్‌వీసీఆర్71. పై లెక్కలో ఇది 2003 నాటిది, కానీ దీనికి విడిగా ఎక్కించుకునే ప్యాకేజీ లేదు. ఎవరి ప్రోగ్రాముతో వాళ్ళే ఇచ్చి తమ ఫోల్డరులోనే పెట్టుకోవాలన్నది అప్పటి పద్ధతి. అంటే పాత సిస్టమ్‌లో ఆ ఫోల్డరులోనే ఉండాలి. ఉంది. నేను ప్రోగ్రాం ఫైలు, ఫొటోల ఫోల్డరు మాత్రం తెచ్చి మిగతావి చెత్త అనుకుని వదిలేశాను. ఫోల్డరు మొత్తం తెచ్చాక ఆ మెసేజ్ పోయింది, కానీ తెర వెలిగి ఆరిపోతోంది.

ప్రోగ్రాం ఏ ఫైలు కోసం ఎక్కడెక్కడ వెతుకుతోందో చూపించే టూలు, సిస్‌ఇంటర్నల్స్ వారి ప్రాసెస్ మానిటర్ దించుకున్నాను. ఫిల్టర్లు రెండు: ప్రాసెస్ పేరు మన ప్రోగ్రాం, పాత్ చివర డీఎల్ఎల్. నేమ్ నాట్ ఫౌండ్ అని వరసలు వరసలుగా వచ్చాయి. అన్నీ లోపాలు కావు. ఒక్కో ఫోల్డరూ వెతుక్కుంటూ పోతుంది కాబట్టి దొరికేదాకా అలాగే చూపిస్తుంది. ఎన్నిచోట్ల వెతికినా చివరికి సక్సెస్ రానిది ఒక్కటే ఉంది, స్కానరు తాలూకు ఫైలు. పాత స్కానరు డ్రైవరు లేదు కదా. సెట్టింగ్స్ ఫైల్లో స్కానర్ ఆఫ్ పెట్టాను. నడిచింది.

ఇప్పటిదాకా: 11 గంటలు, ₹450, నడిచినవి 4/7.

నాలుగో దశ: బిల్లింగ్ (జులై 11, 12)

విజువల్ బేసిక్ 6 ప్రోగ్రాములకి మూలమైన ఎంఎస్‌వీబీవీఎం60 విండోస్ 10తోనే వస్తుంది. దానితో రానివి బటన్లు, పట్టికలు గీసే ఓసీఎక్స్ ఫైళ్ళు. డీఎల్ఎల్‌లకి ఇవి మేనమామ పిల్లలనుకోండి. తేడా ఏమిటంటే వీటిని రిజిస్టర్ చెయ్యాలి. మాకు కావలసినవి మూడు: ఎంఎస్‌కామ్‌సీటీఎల్, కామ్‌డీఎల్‌జీ32, ఎంఎస్‌ఎఫ్‌ఎల్ఎక్స్‌జీఆర్‌డీ.

పాత సిస్టమ్ 32 బిట్ కాబట్టి దాని సిస్టమ్32లో ఉన్నవి 32 బిట్‌వే. ఈసారి నోట్‌ప్యాడ్‌లో చూసుకునే తెచ్చాను, మూడూ ఎల్.

మొదటిసారి కమాండ్‌లో ఫైలు పేరు ఒక్కటే ఇచ్చాను, మాడ్యూల్ దొరకలేదంది. రెండోసారి పూర్తి దారి ఇచ్చాను, ఫెయిల్డ్ అని, 8 తర్వాత మూడు సున్నాలు, ఆపైన 4005 అనే కోడు వచ్చింది. అడ్మినిస్ట్రేటర్‌గా తెరవలేదు, అంతే. పనిచేసిన వరస:

1. ఓసీఎక్స్ ఫైళ్ళని సిస్‌వావ్64లో వెయ్యండి.
2. కమాండ్ ప్రాంప్ట్ మీద రైట్ క్లిక్ చేసి రన్ యాజ్ అడ్మినిస్ట్రేటర్ ఇవ్వండి.
3. సీడీ కమాండుతో సిస్‌వావ్64లోకి వెళ్ళండి.
4. అక్కడినుంచి రెగ్‌ఎస్‌వీఆర్32, ఖాళీ, ఫైలు పేరు. ఒక్కోదానికీ సక్సీడెడ్ అని రావాలి.

బిల్లు మీద తేదీ, నెల తిరగబడి వచ్చాయి. దానికి కూడా ఓసీఎక్స్‌నే తిట్టుకున్నాను. అది రీజియన్ సెట్టింగు.

ఇప్పటిదాకా: 15 గంటలు, ₹450, నడిచినవి 5/7.

అయిదో దశ: వరద, సీడీ (జులై 14 నుంచి 19)

గోదావరి వచ్చింది. ధవళేశ్వరం దగ్గర ప్రవాహం 25 లక్షల క్యూసెక్కులు దాటింది. మూడో ప్రమాద హెచ్చరికే 17.75 లక్షలకి ఇస్తారు. కనకాయలంక కాజ్‌వే మునిగింది, లంకల్లోంచి వచ్చే కస్టమర్లు లేరు. మాకు షాపులోకి నీళ్ళు రాలేదు, కరెంటే నిలకడగా లేదు. యూపీఎస్ బ్యాటరీ అయిదు నిమిషాలు కూడా ఆగడం లేదని అప్పుడు తెలిసింది, మార్చాను. కరెంటు పోయే రోజుల్లో సిస్టమ్ ఫైళ్ళ జోలికి వెళ్ళకూడదని నాలుగు రోజులు ఏమీ ముట్టుకోలేదు.

19న సీడీ పెట్టాను. అంచుల్లో బూజు, మెత్తటి గుడ్డతో మధ్యనుంచి అంచుకి తుడిస్తే చదివింది. కానీ ఇన్‌స్టాలర్ 16 బిట్‌ది. 64 బిట్ విండోస్‌లో 16 బిట్ ప్రోగ్రాములు నడవవు, ఏ డీఎల్ఎల్ తెచ్చినా సరే. దీని మీద కుస్తీ పట్టలేదు. పాత సిస్టమ్‌లో ఎప్పుడో ఎక్కించి ఉంది కదా, బొమ్మల ఫైళ్ళు, ఫాంట్లు కాపీ చేసుకుని ఫాంట్లన్నీ ఎంచి రైట్ క్లిక్‌తో ఇన్‌స్టాల్ ఇచ్చాను. ప్రోగ్రాం నడవకపోయినా అవసరం తీరింది, కాబట్టి లెక్కలో వేసుకుంటున్నాను.

ఇప్పటిదాకా: 16 గంటలు, ₹1,600 (బ్యాటరీతో), నడిచినవి 6/7.

ఆరో దశ: కన్వర్టర్ (జులై 20 నుంచి 25)

డీటీపీ చెయ్యని వాళ్ళ కోసం ఒక మాట. కస్టమర్లు ఇప్పుడు మేటర్ వాట్సాప్‌లో పంపుతారు, అది యూనికోడ్. పేజ్‌మేకర్‌కి యూనికోడ్ తెలియదు. మన పాత తెలుగు ఫాంట్లలో ఇంగ్లిషు అక్షరాల స్థానాల్లో తెలుగు ముక్కలు కూర్చి ఉంటాయి. యూనికోడ్ మేటర్‌ని ఆ ముక్కల్లోకి మార్చేదే కన్వర్టర్. పై గడిలో యూనికోడ్ కనిపిస్తుంది, కింది గడిలో మార్చినది వస్తుంది.

ఇది ఏ మెసేజూ లేకుండా తెరుచుకుంది. ఏడుకి ఏడూ అయ్యాయని కుర్రాడికి పునుగులు తెప్పించాను. అవి తింటూనే వాడు పిలిచాడు.

"గురువు గారూ, శ్రీరస్తు విరిగిపోయిందండి."

నిజమే. శ్రావణంలో గృహప్రవేశం కార్డు, మొదటి లైనే శ్‌రీరస్‌తు, శుభమస్‌తు. వత్తు పడాల్సిన ప్రతిచోటా అక్షరం నెత్తిన పొల్లు లేచి నిలబడింది. వత్తు కిందకి రాకుండా పక్కన మామూలు అక్షరంగా కూర్చుంది. కస్టమర్ ఫోనులో చూస్తే శుభ్రంగా ఉంది.

నా పెద్ద తప్పు ఇక్కడే. మేటరే పాడైందనుకుని పై గడిలో పొల్లులు చెరిపి దిద్దాను. నలభై పేర్లు. కింది గడిలో వచ్చినది పేజ్‌మేకర్‌లో వేసి ప్రూఫ్ తీస్తే ఒక్క పేరుకీ వత్తు లేదు. నేను చెరిపిన పొల్లే యూనికోడ్‌లో వత్తుని తెచ్చేది. అసలు మేటర్‌ని ముట్టుకోకుండా మారిస్తే కింది గడిలో సరిగ్గానే వచ్చింది. చెడింది మేటర్ కాదు, పై గడి చూపు.

అప్పుడు ఒక్కొక్కటీ వేరు చేసుకుంటూ వెళ్ళాను:

1. అదే మేటర్ నోట్‌ప్యాడ్‌లో: బాగుంది.
2. కన్వర్టర్‌లో గౌతమి ఫాంటు పెట్టి: బాగుంది.
3. కన్వర్టర్‌లో కొత్తగా దించుకున్న ఫాంటు పెట్టి: విరిగింది.
4. ఆ కొత్త ఫాంటే నోట్‌ప్యాడ్‌లో: బాగుంది.

ఫాంటు ఒక్కటే కారణం కాదు, ప్రోగ్రాం ఒక్కటే కాదు, రెండూ కలిస్తేనే చెడుతోంది. మధ్యలో ఉన్నదెవరో చూడాలి. సిస్‌ఇంటర్నల్స్ వారిదే ప్రాసెస్ ఎక్స్‌ప్లోరర్ తెరిచి, కన్వర్టర్ మీద నొక్కి, కంట్రోల్ డీ కొడితే అది వాడుతున్న డీఎల్ఎల్‌లన్నీ కింద వరసగా వస్తాయి. పాత్ కాలమ్ కనబడేటట్టు పెట్టుకుని చదివాను. అన్నీ విండోస్ ఫోల్డరులోవి. ఒక్కటి మాత్రం కన్వర్టర్ సొంత ఫోల్డరులోది: యూఎస్‌పీ10.డీఎల్ఎల్. వెర్షన్ ఒకటితో మొదలవుతోంది. విండోస్ సొంత యూఎస్‌పీ10 వెర్షన్ పదితో మొదలవుతుంది.

యూఎస్‌పీ10 అంటే యూనిస్క్రైబ్. శ, పొల్లు, ర, గుడి దీర్ఘం అని నాలుగు కోడ్లు వస్తే వాటిని కలిపి శ్రీ అనే ఒకే రూపం గియ్యాలని చెప్పేది అదే. దానికి కావలసిన నియమాలు ఫాంటులో ఒక గుర్తు కింద ఉంటాయి. తెలుగుకి పాత గుర్తు టీఈఎల్‌యూ. విస్టా కాలంలో నియమాలు మార్చి టీఈఎల్2 అనే కొత్త గుర్తు తెచ్చారు. అంతకు ముందటి యూనిస్క్రైబ్‌కి కొత్త గుర్తు తెలియదు. నా కొత్త ఫాంటులో ఉన్నది కొత్త గుర్తొక్కటే.

ఆ పాత ఫైలు అక్కడికెలా వచ్చింది? నేనే పెట్టాను, 2008లో. అప్పుడు ఎక్స్‌పీలో కన్వర్టర్ తెలుగు సరిగా చూపించకపోతే, మైక్రోసాఫ్ట్ ఆఫీసుతో వచ్చిన యూఎస్‌పీ10ని తెచ్చి ప్రోగ్రాం ఫోల్డరులో వేస్తే బాగుపడింది. ఆరోజుల్లో అది తెలివైన పనే.

మరి విండోస్ 7లో ఇన్నేళ్ళూ ఎందుకు బయటపడలేదు? దీనికి ఒక రాత్రి పట్టింది. రిజిస్ట్రీలో, అంటే విండోస్ తన సెట్టింగులు దాచుకునే చోట, సెషన్ మేనేజర్ కింద నోన్‌డీఎల్ఎల్స్ అని ఒక పట్టిక ఉంటుంది. ఆ పట్టికలో పేరున్న ఫైలుని ప్రోగ్రాం పక్కన పెట్టినా విండోస్ పట్టించుకోదు, సిస్టమ్‌లోదే ఇస్తుంది. పాత సిస్టమ్‌లో చూస్తే పట్టికలో యూఎస్‌పీ10 ఉంది. కొత్త సిస్టమ్‌లో చూస్తే లేదు. అంటే నేను పెట్టిన ఫైలు విండోస్ 7లో నిద్రపోయింది, విండోస్ 10లోకి మోసుకురాగానే లేచింది. మూడో దశలో ఫోల్డరు మొత్తం తేవాలని రాశాను కదా, ఇక్కడ మొత్తం తేవడమే కొంప ముంచింది.

ఎఫ్2 కొట్టి ఫైలు పేరు చివర పాత అని చేర్చాను. కన్వర్టర్ మూసి తెరిచాను. శ్రీరస్తు.

ఇప్పటిదాకా: 24 గంటలు, ₹1,720 (పాడైన ప్రూఫులతో), నడిచినవి 7/7.

చివరి పని (జులై 27)

ఏడు ప్రోగ్రాముల ఫోల్డర్లూ తెరిచి, డీఎల్ఎల్‌లని తేదీ వరసలో పెట్టి, ఏది ప్రోగ్రాముతో వచ్చింది, ఏది నేను తెచ్చిపెట్టింది అని చూశాను. నావి ఇంకో రెండు దొరికాయి. రెండూ పేరు మార్చి వారం రోజులు చూద్దామని ఉంచాను. ఇక నుంచి ఏ ఫైలు చేత్తో వేసినా అదే ఫోల్డరులో ఒక టెక్స్ట్ ఫైలు పెట్టి తేదీ, కారణం రాయాలని కుర్రాడికి చెప్పాను. "ఆయ్, అలాగేనండి" అన్నాడు.

అప్పుడు గుర్తొచ్చింది, 2008లో ఆ యూఎస్‌పీ10ని గొప్పగా ఇంకో ముగ్గురికి పెన్‌డ్రైవ్‌లో ఇచ్చాను. నరసాపురంలో షాపున్న బావకి ఫోన్ చేశాను.

"బావా, నీ కన్వర్టర్‌లో వత్తులు సరిగా వస్తున్నాయా?"

"అదెప్పుడో మానేశాను. విండోస్ 10 ఎక్కించిన దగ్గర్నుంచి అన్నీ విరుగుతున్నాయి. వాట్సాప్ మేటర్ వస్తే మా అమ్మాయి చదువుతుంటే నేను మళ్ళీ మొదట్నుంచీ కొట్టుకుంటున్నాను."

"ఎన్నాళ్ళయింది?"

"ఏడాదిన్నర అయ్యుంటుంది."

ఫోన్ పెట్టకుండానే ఫోల్డరు తెరిపించి, పేరు మార్పించి, కన్వర్టర్ మళ్ళీ తెరవమన్నాను. అవతల కాసేపు కీబోర్డు చప్పుడు.

"వచ్చింది. అవునూ, ఈ ఫైలు నువ్విచ్చిందే కదా?"

ఆయ్, నేనిచ్చిందే అన్నాను. ఇంకా ఇద్దరికి ఫోన్ చెయ్యాలి.